జడ్జిగారి మీద దావానా, జడ్జిగారి ఆర్డరు మీద పోరాటమా?

అమ్మా, మీరు పెద్ద ఉత్తరమే రాశారు. మిగతావాళ్లకి కూడా అర్థం కావాలి కాబట్టి నాలుగు ముక్కల్లో చెబుతాను. మీ అన్నయ్య గోదావరి డెల్టాలో ఒక కోర్టులో జూనియర్ అసిస్టెంటు. ఒక దావాలో దాఖలైన అసలు ప్రామిసరీ నోటు కనబడకుండా పోయింది. ఆయన్ని సస్పెండ్ చేసి 7 నెలలు ఇంట్లో కూర్చోబెట్టారు. తర్వాత సంజాయిషీ తీసుకుని, ఒక్క సాక్షినీ విచారించకుండా 2 ఇంక్రిమెంట్లు కట్ చేస్తూ ఆర్డరు ఇచ్చారు. ఆర్డరు ఇచ్చిన జడ్జిగారు బదిలీ మీద వెళ్లిపోయారు. ఆయన మీద సొంత పేరున నష్టపరిహారం దావా వేయమని ఒక వకీలు గుమాస్తా చెప్పాడు. జడ్జిని ఎవరూ ఏమీ చేయలేరు, కిమ్మనకుండా ఉండమని మీ మావయ్య చెప్పారు. ఏది నిజమని అడిగారు.

ఇద్దరూ పొరపాటే చెప్పారు.

చట్టం ఇచ్చిన రక్షణ జడ్జి అనే మనిషికి. ఆయన సంతకం పెట్టిన శిక్ష ఆర్డరుకి ఆ రక్షణ లేదు. ఆయన మీద డబ్బు కోసం దావా వేస్తే దాదాపు ఖాయంగా గుమ్మంలోనే కొట్టేస్తారు. ఆర్డరు మీద అప్పీలుకి, ఆ తర్వాత రిట్‌కి (అధికారుల ఆర్డరు రద్దు చేయమని హైకోర్టులో వేసే పిటిషన్‌కి) మాత్రం వెళ్లొచ్చు. మీరు చెప్పినదంతా నిజమైతే మీ అన్నయ్య ఆర్డరులో గట్టి లోపమే ఉంది.

నేను వకీలును కాను. 1985లో కాపీయిస్టుగా చేరి 2021లో శిరస్తదారుగా (కోర్టు ఆఫీసు పెద్దగా) రిటైరయ్యాను. ఈ 36 ఏళ్లలో ఛార్జిమెమోలు టైపు చేశాను, ఎంక్వైరీ ఫైళ్లు మోశాను, ఒకసారి నేనే మెమో తిన్నాను. రిటైరయ్యాక కోర్టు ఉద్యోగులు సంజాయిషీలు రాయించుకోడానికి మా అరుగు మీదకి వస్తుంటారు. ఆ అనుభవంతో చెబుతున్నాను. చివరి మాట మాత్రం సర్వీసు కేసులు చేసే వకీలుదే.

ముందు ఈ రక్షణ ఎక్కడిదో చెప్పాలి. మన దేశంలో దీనికి రెండు చట్టాలున్నాయి. మొదటిది 1850 నాటి న్యాయాధికారుల రక్షణ చట్టం. అంటే ధవళేశ్వరం దగ్గర కాటన్ దొర ఆనకట్ట పని ఇంకా నడుస్తున్న రోజులన్నమాట. 1847లో మొదలైన ఆ ఆనకట్ట 1852లో పూర్తయింది. ఆ మధ్యలో కంపెనీ సర్కారు చేసిన చట్టం ఇప్పటికీ నీళ్లు పారిస్తూనే ఉంది. దాని సారం ఇది: జడ్జిగాని, మేజిస్ట్రేటుగాని, కలెక్టరుగాని న్యాయ విధి నిర్వహణలో చేసిన పనికి సివిలు దావా వేయడానికి లేదు. తన అధికార పరిధి దాటి చేసినా సరే, పరిధి ఉందని చిత్తశుద్ధితో నమ్మి చేసి ఉంటే చాలు.

ఇందులో ఆయువుపట్టు "న్యాయ విధి" అన్న మాట. కుర్చీలో కూర్చుని ఇరుపక్షాల వాదన విని తీర్పు చెప్పడం న్యాయ విధి. అటెండరుకి మెమో ఇవ్వడం, టైపిస్టుని ఒక సెక్షన్ నుంచి ఇంకో సెక్షన్‌కి మార్చడం, నాజరు (కోర్టు సొమ్ము చూసే ఉద్యోగి) లెక్కలు తనిఖీ చేయడం ఆఫీసు పని. ఆ పని తహసీల్దారూ చేస్తాడు, హెడ్మాస్టరూ చేస్తాడు. చేసినవాడు జడ్జి అయినంత మాత్రాన అది తీర్పు అయిపోదు. 1965లో అన్వర్ హుస్సేన్ కేసులో సుప్రీంకోర్టు ఈ తేడానే పట్టుకుంది. అస్సాంలో ఒక సబ్ డివిజనల్ మేజిస్ట్రేటు ఒకాయన్ని అరెస్టు చేయించాడు. ఆయన నష్టపరిహారం దావా వేస్తే ఆ అధికారి 1850 చట్టం వెనక దాక్కోబోయాడు. నువ్వు చేసింది న్యాయ విధి కాదు కాబట్టి ఆ చట్టం నీకు గొడుగు పట్టదని కోర్టు తేల్చింది.

ఇంతవరకు చదివి "మా కేసూ అలాంటిదే కదా, దావా వేసేద్దాం" అనుకుంటారు. ఆగండి. అక్కడే రెండో చట్టం అడ్డొస్తుంది.

1985లో పార్లమెంటు జడ్జీల రక్షణ చట్టం చేసింది. అందులో 3వ సెక్షన్ 1850 చట్టం కన్నా చాలా వెడల్పు. జడ్జిగా ఉన్నవారి మీద, గతంలో ఉన్నవారి మీద కూడా, "అధికారిక లేదా న్యాయ" విధి నిర్వహణలో చేసిన పనికి, అన్న మాటకి, ఏ కోర్టూ సివిలు కేసుగాని క్రిమినలు కేసుగాని తీసుకోకూడదని ఉంది. "అధికారిక" అనే ఆ ఒక్క మాట చేరడంతో స్టాఫ్ మీద తీసుకున్న చర్య కూడా గొడుగు కిందకి వచ్చేస్తుందని వాదించే వీలు వచ్చింది. "పాతది చూడండి, అది న్యాయ విధి కాదు" అని మీరు అంటే, "కొత్తది చూడండి, ఇది అధికారిక విధి" అని అవతలివారు అంటారు. నేను చూసినంతలో అవతలి మాటే నెగ్గుతుంది.

బదిలీ అయ్యారు కాబట్టి రక్షణ పోయిందేమో అని కూడా మీరు రాశారు. పోదు. గతంలో జడ్జిగా ఉన్నవారికి కూడా అని చట్టంలోనే ఉంది.

క్రిమినలు వైపు సంగతి ఒక్క ముక్కలో చెప్పి వదిలేస్తాను. పాత ఐపీసీలో 77వ సెక్షన్, 2024 జులై 1 నుంచి అమల్లోకి వచ్చిన భారతీయ న్యాయ సంహితలో 15వ సెక్షన్, జడ్జి న్యాయపరంగా చేసిన పని నేరం కాదంటాయి. ప్రభుత్వ ఉద్యోగి మీద కేసుకి ముందు అనుమతి కావాలన్న నిబంధన వేరే ఉంది. ఇంక్రిమెంటు కట్ చేసినందుకు క్రిమినలు కేసు అనే ఆలోచనే పెట్టుకోకండి.

మీరు ఎక్కడో చదివానని రాసిన అమెరికా కేసు నిజమే. అది 1988 నాటి ఫారెస్టర్ వర్సెస్ వైట్. ఇల్లినాయ్ రాష్ట్రంలో ఒక జడ్జి తన కోర్టులో పనిచేసే ప్రొబేషన్ ఆఫీసరుని ఉద్యోగం నుంచి తీసేశాడు. ఆడదాన్ని కాబట్టే తీసేశాడని ఆవిడ దావా వేసింది. జ్యూరీ ఆవిడ వైపు చెప్పింది. కింది కోర్టులు మాత్రం జడ్జికి రక్షణ ఉందన్నాయి. అక్కడి సుప్రీంకోర్టు ఒప్పుకోలేదు. ఉద్యోగిని తీసేయడం పరిపాలన పనే తప్ప తీర్పు కాదు, దానికి సంపూర్ణ రక్షణ ఇవ్వం అని చెప్పింది. చదివితే మనకోసమే రాసినట్టు ఉంటుంది. కానీ అమెరికాలో జడ్జీల రక్షణ ఎక్కువగా కోర్టులు తీర్పుల ద్వారా అల్లుకున్న సూత్రం. కోర్టు అల్లినదాన్ని కోర్టు సడలించగలదు. మన దగ్గర పార్లమెంటు రాసిన సెక్షన్ ఉంది, అందులో "అధికారిక" అన్న మాట ఉంది. అక్కడి విత్తనం ఇక్కడి మాగాణిలో మొలకెత్తదు.

దావా వేస్తే ఏమవుతుందో కళ్లారా చూశాను. డెల్టాలోనే ఒక కోర్టులో (పేరు చెప్పను) ఒక అమీనా (జప్తులు చేసే కోర్టు ఉద్యోగి) ఉండేవాడు. మంచి పనిమంతుడు, కానీ ముక్కు మీద కోపం. జప్తు సొమ్ము సకాలంలో జమ చేయలేదని ఆయన మీద ఛార్జి పెట్టి ప్రమోషన్ ఆపారు. నిజానికి ఆలస్యం నాజరు సెక్షన్‌లో జరిగింది. అప్పీలు వేసుకుంటే పోయేది. కానీ ఆర్డరులో "నమ్మదగని మనిషి" అని ఒక మాట పడింది, అది ఆయనకి ముల్లులా గుచ్చుకుంది. ఎవరో ఎగదోశారు. జడ్జిగారి సొంత పేరు మీద పరువునష్టం దావా పట్టుకెళ్లాడు. ముందు నోటీసు ఇవ్వడానికి 2 నెలలు, ఫైలు నంబరు కావడానికి కొన్ని నెలలు. చివరికి 1985 చట్టం చూపించి, సివిల్ ప్రొసీజర్ కోడ్ ఆర్డరు 7 రూలు 11 కింద దావాపత్రమే తిరస్కరించారు. ఈలోగా శిక్ష ఆర్డరు మీద అప్పీలు గడువు ఎప్పుడో దాటిపోయింది. ఆలస్యానికి కారణం ఏమిటంటే "దావా వేసుకుని కూర్చున్నాను" అని చెప్పాలి. ఆ కారణం ఎవరూ ఒప్పుకోలేదు. ఆయన కోపమంతా మనిషి మీద పెట్టాడు, కాగితం మీద గడువు దాటిపోయింది. ఇప్పటికీ రావులపాలెం సెంటర్లో కనబడితే "శిరస్తదారు గారూ, ఆరోజు మీరు చెప్పింది విని ఉంటే" అంటాడు. నిజానికి నేను ఆరోజు ఏమీ చెప్పలేదు. చెప్పే ధైర్యం నాకు లేదు.

ఇప్పుడు రెండో వైపు. మీ మావయ్య మాట ఎందుకు తప్పో చెబుతాను.

కోర్టు ఉద్యోగి కూడా ప్రభుత్వ ఉద్యోగే. రాజ్యాంగంలో 311వ అధికరణం ఇచ్చిన రక్షణ ఉంటుంది. మన రాష్ట్రంలో 1991 నాటి సీసీఏ రూల్స్ (ఉద్యోగుల క్రమశిక్షణ, శిక్షలు, అప్పీళ్ల నియమాలు) వర్తిస్తాయి. మీ అన్నయ్య లాంటి ఉద్యోగికి శిక్ష వేసే అధికారం జిల్లా జడ్జిగారిది, దాని మీద అప్పీలు హైకోర్టు పరిపాలన విభాగానికి. అక్కడ కూడా కాదంటే హైకోర్టులోనే 226వ అధికరణం కింద రిట్. ఇదివరకు ప్రభుత్వోద్యోగులకి అడ్మినిస్ట్రేటివ్ ట్రిబ్యునల్ ఉండేది. హైకోర్టు స్టాఫు, కింది కోర్టుల జడ్జీలు ఆ ట్రిబ్యునల్ పరిధిలోకి రారని 1978లో దీక్షితులు కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. అది మన ఆంధ్రప్రదేశ్ నుంచి వెళ్లిన కేసే. ఇప్పుడు ట్రిబ్యునలే లేదు కాబట్టి ఆ చర్చ అనవసరం.

"హైకోర్టు ఆర్డరు మీద హైకోర్టుకే వెళ్తే ఏం న్యాయం" అని అందరూ అడుగుతారు. మంచి ప్రశ్నే. హైకోర్టుకి రెండు ముఖాలు: ఒకటి పరిపాలన, ఒకటి న్యాయం. పరిపాలన ముఖంతో ఇచ్చిన ఆర్డరు మామూలు ఆఫీసు ఆర్డరే. న్యాయ ముఖంతో కూర్చున్న బెంచి దాన్ని కొట్టేయొచ్చు, కొట్టేసిన సందర్భాలు ఎన్నో ఉన్నాయి. 1955లో ప్రద్యోత్ కుమార్ బోస్ కేసు చూడండి. కలకత్తా హైకోర్టులో ఒక రిజిస్ట్రారుని ప్రధాన న్యాయమూర్తి డిస్మిస్ చేశారు. అది సుప్రీంకోర్టు దాకా వెళ్లింది. ఆయన ఓడిపోయాడు, అది వేరే సంగతి. ప్రధాన న్యాయమూర్తి ఆర్డరు కాబట్టి చూడం అని మాత్రం ఎవరూ తలుపు వేయలేదు. స్టాఫ్ మీద ఆ అధికారం పరిపాలన అధికారమేనని ఆ తీర్పులోనే ఉంది.

ఇక్కడ ఒక జాగ్రత్త. రిట్‌లో కోర్టు మళ్లీ మొదటినుంచి సాక్ష్యం తూకం వేయదు. 1963లో శ్రీరామారావు కేసులో సుప్రీంకోర్టు గీసిన గీత అది. అదీ మన రాష్ట్రానిదే. ఎంక్వైరీ పద్ధతి ప్రకారం జరిగిందా, కాస్తయినా సాక్ష్యం ఉందా, శిక్ష వేసినవారికి అధికారం ఉందా, ఇవే చూస్తుంది. "మా అన్నయ్య నిజాయితీపరుడు, ఊళ్లో అందరినీ అడగండి" అంటే వినరు. "సాక్షిని పిలవలేదు, క్రాస్ (ఎదురు ప్రశ్నలు) చేయనివ్వలేదు" అంటే వింటారు.

మీ అన్నయ్య విషయంలో నేను మొదట చూసేది ఒక్క మాట. ఆర్డరు తీసి చదవండి. ఇంక్రిమెంట్లు ఆపుతున్నాం అన్నచోట "క్యుములేటివ్ ఎఫెక్టుతో" అని ఉందా, లేక "క్యుములేటివ్ ఎఫెక్టు లేకుండా" అని ఉందా?

లేకుండా అని ఉంటే అది చిన్న శిక్ష. రెండేళ్లు పోయాక జీతం మళ్లీ దారిలో పడుతుంది. దానికి 22వ రూలు ప్రకారం సంజాయిషీ తీసుకుని ఆర్డరు ఇచ్చేయొచ్చు, సాక్షుల విచారణ తప్పనిసరి కాదు. అప్పుడు మీ వాదన కొంచెం బలహీనమే. ఎఫెక్టుతో అని ఉంటే కథ వేరు. ఆ రెండు మెట్లు ఇక ఎప్పటికీ తిరిగి రావు, రిటైరయ్యాక పింఛను మీద కూడా ఆ దెబ్బ ఉంటుంది. అది పెద్ద శిక్ష. 20వ రూలు ప్రకారం ఆర్టికల్స్ ఆఫ్ ఛార్జ్ (అభియోగాల పత్రం) ఇవ్వాలి, ఎంక్వైరీ ఆఫీసరుని వేయాలి, సాక్షుల్ని పిలవాలి, క్రాస్ చేయనివ్వాలి. 1990లో కుల్వంత్ సింగ్ గిల్ కేసులో సుప్రీంకోర్టు సరిగ్గా ఇదే చెప్పింది. అక్కడ పంజాబ్ ఉద్యోగికి కూడా 2 ఇంక్రిమెంట్లే, క్యుములేటివ్ ఎఫెక్టుతోనే. ఎంక్వైరీ లేకుండా వేసిన ఆ శిక్ష చెల్లదంది.

ఈ పొరపాటు ఎలా జరుగుతుందో కూడా నాకు తెలుసు. పాత ఫైలులో ఆర్డరు నమూనా ఉంటుంది. సెక్షన్ క్లర్కు దాన్ని ముందు పెట్టుకుని పేరూ తేదీ మార్చి టైపు చేస్తాడు. పెద్ద శిక్ష నమూనాలో ఉన్న మాట చిన్న శిక్ష ఫైలులోకి వచ్చి పడుతుంది. ముప్పై సంతకాల మధ్య అదీ ఒక సంతకం. ఎవరికీ కక్ష ఉండదు. కక్ష ఉందని మీరు అనుకోవడం సహజం, కానీ మీ అప్పీలులో ఆ మాట రాయకండి. ఎందుకో కింద చెబుతాను.

ఎంక్వైరీ నిజంగానే జరిగి ఉంటే ఆ రిపోర్టు కాపీ శిక్షకి ముందే మీ అన్నయ్యకి ఇచ్చారా? 1990లో రంజాన్ ఖాన్ కేసు, 1993లో మన హైదరాబాదు ఈసీఐఎల్ కేసు, రెండూ అది ఇచ్చి తీరాలన్నాయి. ఇవ్వకపోవడం వల్ల నష్టం ఏం జరిగిందో మనం చూపించుకోవాలని కూడా ఈసీఐఎల్ తీర్పులో ఉంది. అది చాలామంది మర్చిపోతారు. ఇక 7 నెలల సస్పెన్షన్. ఛార్జిషీటు ఇవ్వకుండా 3 నెలలకి మించి సస్పెన్షన్ సాగకూడదని 2015లో అజయ్ కుమార్ చౌదరి కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. మీ అన్నయ్యకి ఛార్జిమెమో ఏ తేదీన ముట్టిందో చూడండి. ఆ 7 నెలల కాలాన్ని డ్యూటీగా లెక్కించారా, సెలవుగానా, ఏమీ తేల్చకుండా వదిలేశారా? అప్పీలులో దాన్ని కూడా అడగాలి. చాలామంది ఇంక్రిమెంట్ల గొడవలో పడి సస్పెన్షన్ కాలం సంగతి అడగరు. తర్వాత సర్వీసు రిజిస్టరులో గుంటలా మిగిలిపోతుంది.

శిక్ష ఎవరు వేశారన్నది కూడా చిన్న విషయం కాదు. దీనికి నాకు ఎప్పుడూ గుర్తొచ్చేది 1986 ఆగస్టు వరద. నేను చేరి ఏడాది అయింది. గోదావరి గట్లు తెగి లంకలన్నీ మునిగాయి. ఒక ప్రాసెస్ సర్వరు ఒక లంక ఊరికి సమన్లు పట్టుకెళ్లాలి. పడవ ఎక్కకుండానే "ఇంటికి తాళం వేసి ఉంది, తలుపుకి అంటించాను" అని రిటర్ను రాసి ఇచ్చాడు. ఆ తేదీన ఆ ఇంటి తలుపు మీద నిలువెత్తు నీళ్లున్నాయి! కోర్టు హాల్లో నవ్వులు. మున్సిఫ్ (కింది కోర్టు జడ్జి) గారికి నవ్వు రాలేదు, తానే డిస్మిస్ ఆర్డరు రాసి ఇచ్చేశారు. తప్పు చేశాడన్నదాంట్లో ఎవరికీ సందేహం లేదు, ప్రాసెస్ సర్వరుతో సహా. కానీ అతన్ని ఉద్యోగంలోకి తీసుకున్నది జిల్లా జడ్జి. నియమించినవారి కన్నా కిందివారు డిస్మిస్ చేయడానికి వీల్లేదని 311లో మొదటి వాక్యమే చెబుతుంది. అప్పీలులో జిల్లా జడ్జిగారు ఆర్డరు కొట్టేసి, మళ్లీ పద్ధతిగా ఎంక్వైరీ చేయించి, ఇంక్రిమెంటు కట్‌తో సరిపెట్టారు. మున్సిఫ్ గారి మీద ఈగ వాలలేదు, ఆయన తర్వాత పైకి కూడా వెళ్లారు. ఆర్డరు పోయింది, ఉద్యోగం మిగిలింది.

ఇంకో రకం లోపం ఉంటుంది. ఫిర్యాదు చేసినవారే విచారణ అధికారి కావడం. డిక్టేషన్ దగ్గర ఒక టైపిస్టుకీ ఒక జడ్జిగారికీ మాటా మాటా పెరిగింది. మెమో ఆయనే ఇచ్చారు. ఎంక్వైరీ ఆయనే చేశారు. రిపోర్టులో "నేను స్వయంగా విన్నాను" అని రాశారు, అంటే సాక్షి కూడా ఆయనే. పై అధికారి రిపోర్టు చూసి ఎంక్వైరీ అంతా రద్దు చేసి వేరే అధికారికి అప్పగించారు. సుప్రీంకోర్టు ముందుకి వచ్చిన మహమ్మద్ నూహ్ కేసు ఇలాంటిదే. యూపీలో ఒక పోలీసు అధికారి ఎంక్వైరీ నడుపుతూ మధ్యలో తానే సాక్షిగా వాంగ్మూలం ఇచ్చి, మళ్లీ వచ్చి విచారణ కుర్చీలో కూర్చున్నాడు. అది సహజ న్యాయానికి విరుద్ధమని కోర్టు అంది. కానీ డిస్మిస్ ఆర్డరు రాజ్యాంగం రాకముందు 1948 నాటిది, 226 దానికి వెనక్కి వర్తించదు అని ఆ కానిస్టేబులుని గెలిపించలేదు. ఈ కేసు పేరు చెప్పి ఊదరగొట్టే వకీళ్లలో చాలామంది ఆ రెండో సగం చదవరు.

ఒక సందర్భంలో మాత్రం దారి పూర్తిగా మారిపోతుంది. మీ అన్నయ్య పేరు, ఆ నోటు పోయిన దావాలో ఇచ్చిన తీర్పులో ఎక్కడైనా పడిందేమో చూడండి. "బెంచి క్లర్కు నిర్లక్ష్యం వల్ల నోటు గల్లంతైంది" అని తీర్పులో రాస్తే అది ఆఫీసు పని కాదు, అచ్చంగా న్యాయ విధి. అక్కడ 1850 చట్టం కూడా నిండుగా వర్తిస్తుంది. దాని మీద శాఖాపరమైన అప్పీలు కుదరదు. ఆ వ్యాఖ్యలు తొలగించమని పై కోర్టుని అడగాలి. మహమ్మద్ నయీం కేసులో 1963లో సుప్రీంకోర్టు దానికి కొలతలు చెప్పింది: ఆ మనిషికి చెప్పుకునే అవకాశం ఇచ్చారా, వ్యాఖ్యకి రికార్డులో ఆధారం ఉందా, ఆ కేసు తేల్చడానికి ఆ వ్యాఖ్య అవసరమా. తీర్పులో వ్యాఖ్య అలాగే ఉండగా మీరు ఆర్డరు మీద మాత్రమే పోరాడితే అవతలివారు తీర్పు తీసి చూపిస్తారు. నేను చేతులు కాల్చుకున్నది ఇక్కడే. ఒక బెంచి క్లర్కుకి చక్కగా అప్పీలు రాసిచ్చాను, తీర్పు కాపీ మాత్రం చూడలేదు.

రిట్‌లో ఎవర్ని పార్టీ చేయాలి? పదవుల్ని: హైకోర్టు తరఫున రిజిస్ట్రార్ జనరల్, ఆ తర్వాత జిల్లా జడ్జి. మనిషి పేరు అక్కర్లేదు. అందుకే ఆయన బదిలీ అయినా ఏమీ కాదు, ఆర్డరు కుర్చీది, కుర్చీ అక్కడే ఉంది. కక్షతో చేశారని మీరు రాస్తే మాత్రం ఆ మనిషిని పేరుతో పార్టీ చేసి తీరాలి. ఆయనకి జవాబు చెప్పుకునే అవకాశం ఇవ్వకుండా కక్ష ఆరోపణ వినరు. కక్షని రుజువు చేసే భారం కూడా చాలా ఎక్కువ. ఎంక్వైరీ జరగలేదన్న ఒక్క పాయింటుతో గెలిచే కేసులోకి కక్ష అన్న మాట తెచ్చి బరువు పెంచుకోవడం ఎందుకు? కక్ష నిజంగా ఉంది, కాగితాలు కూడా ఉన్నాయి అంటే అప్పుడు సరే.

కంటెంప్ట్ (కోర్టు ధిక్కారం) అవుతుందేమో అని మీ వదినగారికి టెన్షన్ అన్నారు. అప్పీలు వేయడం, రిట్ వేయడం కంటెంప్ట్ కాదు. 1971 కోర్టు ధిక్కార చట్టం 6వ సెక్షన్ ప్రకారం, కింది కోర్టు జడ్జి గురించి చిత్తశుద్ధితో హైకోర్టుకి ఫిర్యాదు చేసినా కంటెంప్ట్ కాదు. కానీ అదే ఫిర్యాదుని వాట్సాప్ గ్రూపులో పెట్టినా, విలేకరికి ఇచ్చినా ఆ రక్షణ ఉండదు. ఆ సెక్షన్ హైకోర్టుకో వేరే కింది కోర్టుకో చేసిన ఫిర్యాదుకే. మీ అన్నయ్యని ఫోను పక్కన పెట్టమనండి.

ఇంతకీ జడ్జి మీద ఎవరూ ఏమీ చేయలేరా అంటే, అదీ కాదు. 1985 చట్టంలో అదే 3వ సెక్షన్ రెండో భాగం ప్రభుత్వం, హైకోర్టు, సుప్రీంకోర్టు తీసుకునే చర్యకి ఈ రక్షణ అడ్డు కాదంటుంది. కింది కోర్టుల మీద అదుపు 235వ అధికరణం ప్రకారం హైకోర్టుది. లంచం అడిగినా, కులం పేరుతో తిట్టినా, మహిళా ఉద్యోగిని వేధించినా అది విధి నిర్వహణ అనిపించుకోదు. వేధింపుల ఫిర్యాదుకి 2013 చట్టం ప్రకారం 3 నెలల గడువు ఉంటుంది. ఇలాంటి ఆరోపణలు ఉన్నప్పుడు హైకోర్టుకి ప్రమాణపత్రంతో, ఆధారాలతో ఫిర్యాదు పంపాలి. ఆకాశరామన్న ఉత్తరాలు చెత్తబుట్టలోకే వెళ్తాయి. మీ కేసులో అలాంటిదేమీ లేదు కాబట్టి ఆ దారి మీకు అక్కర్లేదు.

మరి ఆయన పడిన బాధకి పరిహారం? ఆర్డరు రద్దయితే ఆగిన ఇంక్రిమెంట్లు, వాటి బకాయిలు, సస్పెన్షన్ కాలం జీతం అడగొచ్చు. అవి ఖజానా నుంచి వస్తాయి, జడ్జిగారి జేబులోంచి కాదు. మీకు తృప్తిగా ఉండకపోవచ్చు. ఇంటికి వచ్చేది మాత్రం అదే.

చేయాల్సిన పనులు చెప్పి ముగిస్తాను. శిక్ష ఆర్డరు ఏ తేదీన చేతికి ముట్టిందో, అప్పీలుకి ఎన్నాళ్లు గడువో ఇవాళే చూడండి. దాటిపోతే ఆలస్యానికి కారణం చూపుతూ అప్పీలుతో పాటే అర్జీ పెట్టాలి. కారణం నిజమైనదై ఉండాలి, ఆసుపత్రి కాగితం లాంటిది ఉంటే మంచిది. ఛార్జిమెమో, సంజాయిషీ, సస్పెన్షన్ ఆర్డరు, శిక్ష ఆర్డరు నకళ్లు వరుసగా కుట్టి పెట్టుకోండి. లేనివి ఆఫీసులో రాతపూర్వకంగా అడగండి, ఇవ్వకపోతే ఆర్టీఐ కింద అడగండి. అప్పీలు "త్రూ ప్రాపర్ ఛానెల్" (పై అధికారి ద్వారా) పంపి, తీసుకున్నట్టు స్టాంపు వేయించుకోండి. ఆ స్టాంపు లేకపోతే తర్వాత అప్పీలు వేసినట్టు చూపించుకోవడం కష్టం. జడ్జిగారి మీద దావా వేయమన్న గుమాస్తాకి ఫీజు ఇచ్చి ఉంటే అది వెనక్కి అడగండి, ఇవ్వడనుకోండి.

ఆ నోటు సంగతి కూడా ఒకసారి చూసుకోమనండి. మా రోజుల్లో పోయిందన్న కాగితాల్లో సగం పక్క దావా కట్టలోనే దొరికేవి, నంబరు ఒక అంకె తేడాతో. మీ అన్నయ్య ఇప్పుడు అదే కోర్టులో ఉన్నారా? ఉంటే ఆ వారం డిస్పోజ్ అయిన (ముగిసిన) దావాల కట్టలు శిరస్తదారు అనుమతితో, ఇంకొకరిని పక్కన పెట్టుకుని వెతకమనండి. ఒంటరిగా మాత్రం వెతకొద్దు. దొరికితే "నువ్వే తెచ్చి పెట్టావు" అంటారు.

ఆర్డరులో "క్యుములేటివ్" మాట ఎలా ఉందో చూసి ఇక్కడే కింద రాయండి. పేర్లు, కోర్టు పేరు రాయకండి. వాక్యం ఒక్కటీ రాస్తే చాలు.